సామూహిక మేధ - మౌఖిక జ్ఞానం: పియర్ లెవీ భావనకు తెలుగు వికీపీడియా నేపథ్యంలో ఒక పరిశీలన

1. ప్రవేశిక:

ఫ్రెంచి తాత్త్వికుడు పియర్ లెవీ 1994లో వెలువరించిన గ్రంథంలో 'సామూహిక మేధ' అనే భావనను ప్రతిపాదించాడు. జ్ఞానం ఏ ఒక్కరి సొత్తూ కాదని, అది మనుషులందరిలోనూ ఎంతో కొంత నిక్షిప్తమై ఉంటుందని ఆయన అభిప్రాయం. భూమి, భూభాగం, సరుకు అనే మూడు ఆవరణాల తరువాత మానవ సమాజం జ్ఞానావరణంలోకి ప్రవేశిస్తున్నదని, డిజిటల్ సాంకేతికత అందుకు దోహదం చేస్తున్నదని ఆయన భావించాడు. ఈ భావన తెలుగు నేలపై ఎంతవరకు చెల్లుతుందో పరిశీలించడం ఈ వ్యాస ఉద్దేశం.

2. పండితుల నుంచి సమూహానికి:

తెలుగులో విజ్ఞాన సర్వస్వ నిర్మాణానికి కొమర్రాజు లక్ష్మణరావు పూనుకున్నారు. 1923లో ఆయన మరణించే నాటికి ఆ బృహత్కార్యం అసంపూర్ణంగానే మిగిలింది. కాశీనాథుని నాగేశ్వరరావు దానిని కొనసాగించే బాధ్యతను స్వీకరించారు. కొద్దిమంది పండితుల ఆయుష్షుపై ఆధారపడిన ఈ ప్రణాళికకు భిన్నంగా, 2003 డిసెంబరులో మొదలైన తెలుగు వికీపీడియా ఎవరైనా రాయగల, ఎవరైనా సరిదిద్దగల వేదికగా రూపొందింది. రోమన్ లిపి కీబోర్డుతోనే తెలుగు రాయడానికి వీలు కల్పించిన 'లేఖిని' వంటి ఉపకరణాలు ఈ భాగస్వామ్యాన్ని విస్తరింపజేశాయి. ఈ మేరకు లెవీ ఊహ ఫలించిందనే చెప్పవచ్చు.

3. ప్రమాణ సమస్య:

అయితే వికీపీడియాలో చేరే సమాచారానికి ప్రచురిత ఆధారం ఉండాలి. వదంతులను అరికట్టడానికి ఈ నియమం అవసరమే. కానీ దాని పర్యవసానాన్ని నర్సీపట్నం పరిసరాలలో స్పష్టంగా గమనించవచ్చు. నర్సీపట్నం మన్యానికి ముఖద్వారం. 1922 ఆగస్టు 22న అల్లూరి సీతారామరాజు దళం దాడి చేసిన చింతపల్లి ఠాణా ఈ మన్యంలోనిదే. ఆ పోరాటానికి సంబంధించి ప్రభుత్వ దస్త్రాలలోని కథనం ఆధారంగా చెల్లుతుంది. గిరిజన కుటుంబాలు తరతరాలుగా చెప్పుకుంటున్న కథనం అచ్చుకెక్కనంతవరకు చెల్లదు. పాలకుని కలానికి దక్కిన ప్రామాణికత పాలితుని నోటికి దక్కదన్నమాట.

గ్రామాల వ్యాసాలలోనూ ఇదే పరిస్థితి కనిపిస్తుంది. 2011 జనగణన ప్రకారం ఊరిలోని ఇళ్ల సంఖ్య, భూ వినియోగం వంటి వివరాలు అనేక వ్యాసాలలో లభిస్తాయి. ఊరి పేరు వెనుక ఉన్న కథ, అక్కడి విత్తనాల పరిజ్ఞానం మాత్రం చాలావరకు కనిపించవు. జ్ఞానం అందరిలోనూ ఉందని లెవీ గుర్తించాడు. దానిని జ్ఞానంగా అంగీకరించే అధికారం ఎవరి చేతిలో ఉందన్న ప్రశ్నకు ఆయన తగిన ప్రాధాన్యం ఇవ్వలేదు.

4. ముగింపు:

2011లో మలయాళం, హిందీ, ఉత్తర సోతో భాషలలో మౌఖిక వాఙ్మూలాలను ఆధారాలుగా చూపే ప్రయోగం జరిగింది. తెలుగులో ఇటువంటి కృషికి కళాశాలల తెలుగు శాఖలు అనువైన స్థానాలు. వక్త అనుమతితో, వారి పేరు, ఊరు, తేదీలతో మౌఖిక కథనాలను సేకరించి, ప్రభుత్వ దస్త్రాలతో పోల్చి, పరిష్కరించి ప్రచురిస్తే అవి ఆధారాలుగా నిలుస్తాయి. చెప్పగలిగినవారు జీవించి ఉండగానే ఈ పని జరగాలి. అప్పుడే సామూహిక మేధలోని 'సమూహం' అక్షరాస్యుల పరిధిని దాటి విస్తరిస్తుంది.