అదృశ్యలిపి: టోల్కిన్ రచనలలో రెండు మాయాలేఖనద్రవ్యములు

అద్భుతకథలలోని మహిమగల వస్తువులను గూర్చి విమర్శకులలో ఒక అలక్ష్యభావము కలదు. అంజనమో, గుళికయో కనబడగానే, కథను ముందునకు నడుపుటకై కవి కల్పించిన సులభోపాయమని త్రోసివైచుట పరిపాటి. ఈ నిర్ణయము అన్నిచోట్ల చెల్లదు. వస్తువునకు మహిమ యెంత యనునది ప్రధానము కాదు. ఆ మహిమకు కవి విధించిన నియమ మెట్టిది, ఆ నియమము కథార్థముతో పొందుపడినదా లేదా యనునదే విచారింపదగినది. క్షేమేంద్రుడు కావ్యమునకు జీవితమని చెప్పిన ఔచిత్యము ఇచ్చటను ప్రమాణము కాదగును. ఆంగ్లరచయిత జె. ఆర్. ఆర్. టోల్కిన్ (1892–1973) కల్పనలను రెండింటిని ఈ దృష్టితో పరిశీలింతము.

మొదటిది 1937లో వెలువడిన ‘ది హాబిట్’లోని చంద్రలిపి. థోరిన్ అను వామనజాతి రాజవంశీయుని యొద్ద పితామహుడు రచించిన పటము కలదు. దానిపై కంటికి కనబడని అక్షరములును కలవని ఆతడెరుగడు. మధ్యవేసవి నాటి రాత్రి ఎల్రాండ్ ఆ పటమును పైకెత్తి పట్టగా, నెలవంక వెలుగు వెనుకనుండి సోకి అక్షరములు బయల్పడినవి. అవి వామనులు వెండి కలములతో వ్రాయునవి. వ్రాసిననాటి ఋతువును, నాటి చంద్రరూపమును మరల కూడినప్పుడే కనబడునవి. ఇక వాని యర్థ మేమి? శరత్తునందలి కడపటి చంద్రుడును సూర్యుడును ఒక్కసారిగా ఆకసమున నిలుచు దినమున, అస్తమయకిరణము సోకి గుప్తద్వారపు తాళరంధ్రము తెలియునని. కాలమునకు లోబడిన లిపి కాలమునకు లోబడిన ద్వారమును చెప్పుచున్నది. ఆ దినమును గణించు నేర్పు తమకిప్పుడు లేదని థోరినే ఒప్పుకొనును. ఆస్తి నిలిచియు విద్య నశించినచో, వారసుని పత్రమును పరజాతి విద్వాంసుడు చదివి చెప్పవలసి వచ్చును.

ఈ అక్షరములను పటము వెనుకవైపున ముద్రించి, వెలుతురునకు ఎత్తి చూచినప్పుడే పాఠకునకు కనబడునట్లు చేయవలెనని టోల్కిన్ కోరెను. 1937 నాటి ముద్రణలో ఆ కోరిక నెరవేరలేదు. నియమమును ఆతడు అలంకారమాత్రముగా తలపలేదనుటకు ఇది నిదర్శనము.

అయినను ఒక ఆక్షేపము మిగులును. ఆ చంద్రుడుదయించిన రాత్రియే వారచ్చట నుండుట కాకతాళీయము. బిల్బో విజయములు కేవలము అదృష్టఫలములు కావని కథాంతమున గాండాల్ఫ్ చేయు సూచన ఈ దోషమును కొంతవరకే పరిహరించును.

రెండవది 1954 నాటి ‘ది ఫెలోషిప్ ఆఫ్ ది రింగ్’లోని ఇథిల్డిన్. మోరియా ద్వారముపై దీనితో చెక్కిన లేఖ చుక్కల వెలుగును, వెన్నెలను మాత్రమే ప్రతిఫలించును. ప్రాచీనవాక్యముల నెరిగినవాడు స్పృశించువరకు అది నిద్రించును. ఇచ్చట కాకతాళీయత తగ్గినది. అంతకన్న సూక్ష్మమైన సంకటము వచ్చినది. లేఖ కనబడును, చదువబడును, కాని తెలియదు. మిత్రుడవై పలికి ప్రవేశింపుమని గాండాల్ఫ్ దాని నర్థము చేసికొని, ఎన్నియో మంత్రములను పఠించి విఫలుడగును. ‘మిత్ర’ శబ్దమునే పలుకవలెనని తుదకు గ్రహించును. ద్రవ్యము యొక్క పుట్టుకయు ఈ శబ్దార్థమునే సమర్థించుచున్నది. వామనులు త్రవ్విన మిథ్రిల్ అను లోహమునుండి ఎల్ఫులు ఇథిల్డిన్‌ను చేసిరి. ద్వారమును వామనుడైన నార్వి నిర్మింపగా చిహ్నములను ఎల్ఫ్ అయిన కెలెబ్రింబోర్ గీసెను. మైత్రి నశించిన కాలమున మైత్రిచే పుట్టిన ద్రవ్యము మైత్రీశబ్దమునే కోరుచున్నది. ఔచిత్యమున ఇది చంద్రలిపిని మించినదని నా యభిప్రాయము.

మన సాహిత్యమున దీనికి సాటి చూడవలెనన్న మనుచరిత్రలోని పాదలేపము కలదు. అది పెద్దనకు మార్కండేయపురాణమునుండి సంక్రమించినది. సిద్ధుడొసగిన ఆ లేపము ప్రవరుని హిమగిరికి చేర్చి, ఆ మంచునీటనే కరగిపోయెను. చంద్రలిపికి ప్రకటనమున మహిమ. పాదలేపమునకు నాశమున సార్థక్యము. లేపము పోయినప్పుడే ప్రవరుని నిష్ఠకు పరీక్ష మొదలయ్యెను. తుదకాతని నిల్లు చేర్చినది అగ్ని ప్రసాదమే గాని సిద్ధుని మందు కాదు.

కావున అద్భుతవస్తువు ఎదురైనచోట అది యేమి చేయగలదని మాత్రమే కాక, ఎప్పుడు చేయజాలదని కూడ పరిశోధకుడు ప్రశ్నింపవలెను. కవి హృదయము తరచుగా ఆ రెండవ ప్రశ్నకు వచ్చు సమాధానమున దొరకును.