దర్శకుడే నటుడైనప్పుడు: హొడొరొవ్‌స్కీ చిత్రాల్లో గురుపాత్ర పరిణామం

1929లో ఉత్తర చిలీలోని తొకొపియా రేవుపట్టణంలో జన్మించిన అలెహాండ్రో హొడొరొవ్‌స్కీ సినీ దర్శకుడు, నటుడు, రంగస్థల ప్రయోక్త, కవి, చిత్రకథా రచయిత. ఈ బహుముఖీనతను ప్రశంసావాక్యంగా పేర్కొని వదిలివేయడం పరిపాటి. అయితే తన చిత్రాల్లో తానే నటించడం వెనుక ఒక ఎడతెగని ప్రశ్న ఉంది. ఇతరులను నడిపించే అధికారం గురువుకు ఎక్కడి నుంచి వస్తుంది? ఈ ప్రశ్న పరిణామాన్ని పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

1953లో పారిస్ చేరిన హొడొరొవ్‌స్కీ మార్సెల్ మార్సోతో కలిసి మూకాభినయ రంగంలో పనిచేశారు. తొలి లఘుచిత్రం ‘లా క్రవాత్’ (1957)కు ఆధారం థామస్ మన్ నవలిక. దాని మూలం తెలుగువారికి చిరపరిచితమైన బేతాళ కథల్లోని తలలు తారుమారైన కథ. తల ఒకరిది, మొండెం మరొకరిది అయితే ఆ మనిషి ఎవరన్న బేతాళుని ప్రశ్న ఈ మూకచిత్రంలో శరీరభాషగా మారింది.

‘ఎల్ తోపో’ (1970)లో ఆయన ధరించిన తుపాకివీరుని పాత్ర తనను తాను దేవుడిగా ప్రకటించుకుంటుంది. గురువులపై ఆ వీరుడు సాధించిన గెలుపుల్లో మోసం ఉంది. చివరకు అతడు ఆత్మాహుతి చేసుకుంటాడు. ‘ది హోలీ మౌంటెన్’ (1973)లో రసవాదిగా శిష్యులను శిఖరానికి చేర్చి, కెమెరాను వెనక్కి జరపమని ఆదేశిస్తాడు. చిత్రీకరణ బృందం బయటపడి గురువు మాయ తొలగుతుంది. కానీ ఆ మాయను తొలగించే ఆజ్ఞ కూడా గురువుదే కావడం గమనార్హం.

తెర వెలుపలి అధికారాన్నీ ఇక్కడ విస్మరించరాదు. ‘ఎల్ తోపో’లోని అత్యాచార దృశ్యం నటన కాదని హొడొరొవ్‌స్కీ 1970ల తొలినాళ్లలో చెప్పారు. అది ప్రచారం కోసం కల్పించిన మాట అని తరువాత వివరణ ఇచ్చారు. ఆ పాత వ్యాఖ్యల కారణంగా 2019లో న్యూయార్క్‌లోని ఎల్ మ్యూసియో దెల్ బార్రియో ఆయన ప్రదర్శనను రద్దు చేసింది. వివరణను అంగీకరించినా, నటి దేహంపై హింసను ఘనతగా చాటుకోవడం విమర్శకు అతీతం కాదు. తెరపై దహించిన అహం తెర వెలుపల మిగిలే ఉందని దీనివల్ల తెలుస్తుంది.

సొంత ఊరిలో చిత్రీకరించిన ‘ది డాన్స్ ఆఫ్ రియాలిటీ’ (2013)లో ఈ పాత్ర రూపం మారింది. ‘ఎల్ తోపో’లో తండ్రి ఆజ్ఞపై తల్లి చిత్రపటాన్ని ఇసుకలో పూడ్చిన బాలుడు దర్శకుని కుమారుడు బ్రొంటిస్. ఇక్కడ అతడే కఠినుడైన తండ్రి పాత్ర ధరించాడు. దర్శకుడు మాత్రం వృద్ధునిగా వచ్చి, తన బాల్యరూపాన్ని వెనుక నుంచి పొదివి పట్టుకుంటాడు. ఆజ్ఞాపించే గురువు ఓదార్చే సాక్షిగా మారడమే ఈ నటప్రస్థాన సారం. అయితే ఆ ఓదార్పు తన గాయానికే పరిమితమైంది. ఇతరుల గాయాల పట్ల బాధ్యత ఈ కళలో ఇంకా జవాబు దొరకని ప్రశ్నగానే నిలిచింది.