తెరచుటే గాని మూయుట నేర్పని పాఠాలు

సర్వర్ల నిర్వహణకు స్క్రిప్టులు వ్రాయుట నేర్పు పాఠాలలో ఒక లోపము తరచు కనబడుచున్నది. సర్వరుతో కనెక్షను తెరచు ఆజ్ఞ మొదటి పంక్తిలోనే ఉండును. మూయు ఆజ్ఞ చిట్టచివర ఉండును, లేదా అసలే ఉండదు.

విఎమ్‌వేర్ వారి పవర్‌సిఎల్ఐని తీసికొందము. ఇది సాఫ్టువేరుతో కల్పించిన వర్చువల్ కంప్యూటర్లను పవర్‌షెల్ ఆజ్ఞలతో నిర్వహించు సాధనము. ఇందు తెరచిన ప్రతి కనెక్షను ఒక జాబితాలో చేరును. దానిని మూయువరకు, లేదా ఆ విండో ముగియువరకు అందే ఉండును. పలు సర్వర్ల పద్ధతిలో, సర్వరు పేరు చెప్పని ఆజ్ఞ జాబితాలోని సర్వర్లన్నిటికిని పోవును. నిర్వాహకుడు ఉదయము పరీక్షల విభాగపు సర్వరును తెరచి మరచినాడనుకొనుడు. మధ్యాహ్నము అదే విండోలో ప్రయోగశాల సర్వరును తెరచి, కంప్యూటర్లన్నిటిని ఆపుమన్నచో పరీక్షలవి కూడ ఆగును! పేరు వ్రాయు శ్రమ తప్పించు ఈ సౌకర్యము నా దృష్టిలో చాల ఖరీదైనది.

చివరి పంక్తిలో మూసితిమి గదా అనుట చాలదు. నడుమ దోషము వచ్చి స్క్రిప్టు ఆగినచో ఆ పంక్తి నడువనే నడువదు. 'ఫైనల్లీ' అను భాగములోని ఆజ్ఞ దోషము వచ్చినను రాకున్నను నడచును. మూయు ఆజ్ఞ ఉండవలసిన చోటు అదియే. పైగా మూయు ఆజ్ఞ మామూలుగా మన అనుమతి అడుగును. రాత్రివేళ తనంత తాను నడచు స్క్రిప్టుకు జవాబు చెప్పువారెవరు? అడుగవలదని ముందే వ్రాయవలెను.

కొందరు నక్షత్రపు గుర్తుతో అన్నిటిని ఒక్కమారే మూయుదురు. ఇదియు తగదు, అదే విండోలో వేరొక స్క్రిప్టు తెరచినదియు మూతపడును. తెరచినప్పుడు లభించిన కనెక్షనును ఒక చరరాశిలో ఉంచుకొని, ప్రతి ఆజ్ఞకు దానినే చూపి, తుదకు దానినే మూయవలెను.