కథ ముగిశాక పంచాంగం

నవల చివర అనుబంధాలుంటే మనలో ఎందరం చదువుతాం చెప్పండి? నాయికా నాయకుల సంగతి తేలిపోగానే పుస్తకం మూసి, పొయ్యి మీద పాల సంగతి చూసుకుంటాం. అందులోనూ ఆ అనుబంధం ఒక పంచాంగమైతే ఇక చెప్పేదేముంది! అయినా సరే, అలాంటి పంచాంగం ఒకటి చదివి తీరాలని ఈ వారం మీతో వాదించదలచుకున్నాను.

టోల్కీన్ పేరు వినే ఉంటారు. ఆక్స్‌ఫర్డ్‌లో పాత ఇంగ్లీషు చెప్పిన ప్రొఫెసరు. ఆయన ‘ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్’ మూడో సంపుటం 1955లో వెలువడింది. కథ సినిమాగానైనా చూసి ఉంటారు. లోకాన్నంతా చెరబట్టగల ఉంగరాన్ని నాశనం చెయ్యడానికి ఫ్రోడో అనే పొట్టివాడు, తోటమాలి శామ్‌ని తోడు తీసుకుని బయల్దేరతాడు. వీళ్లు హాబిట్లు. వీళ్ల సీమ పేరు షైర్. దొరకాలే గాని రోజుకి ఆరుపూటలు తినే జనం. వీళ్ల కాలగణనే ఆ సంపుటం చివర ఉంది.

హాబిట్ల శకం ఏ పట్టాభిషేకంతోనూ మొదలు కాలేదు. అన్నదమ్ములిద్దరు రాజుగారి అనుమతి తీసుకుని, తమవాళ్లని వెంటబెట్టుకుని నది దాటి ఈ నేల మీద కాలు పెట్టిన ఏడే వాళ్లకి ఒకటో సంవత్సరం. గృహప్రవేశంతో శకం మొదలన్నమాట! నెలలు 12, ప్రతి నెలా 30 రోజులే. మిగిలిన అయిదు రోజులూ ఏ నెలకీ చెందవు. ఏడాది మారేచోట రెండు, నడివేసవిలో మూడు, అన్నీ పండగలే. నెలల పేర్లు కూడా గాలిలోంచి తీసినవి కావు. క్రీ.శ. 725 ప్రాంతంలో బీడ్ అనే ఇంగ్లీషు సన్యాసి రాసిపెట్టిన పాత పేర్లనే, జనం నోళ్లలో నలిగి అరిగినట్టుగా మార్చి వాడాడు. మే నెల పేరు థ్రిమిడ్జ్. ఆవుల్ని రోజుకి మూడుసార్లు పితికే నెల అని దానికి మూలార్థం. పాడి చూసుకునే ఇల్లాలు పెట్టిన పేరులా లేదూ?

అసలు తమాషా వారాల దగ్గరుంది. తేదీకీ వారానికీ ఏటేటా పొత్తు కుదరకపోవడం హాబిట్లకి చిరాకనిపించింది. రెండో ఇసెన్‌గ్రిమ్ పెద్దరికం చేసిన కాలంలో, సంవత్సరం నట్టనడి రోజుకి వారం పేరు తీసేశారు. లీపు సంవత్సరంలో వచ్చే అదనపు రోజుకీ అంతే. మిగిలినవి 364 రోజులు, అంటే సరిగ్గా 52 వారాలు. ఇక ఏ తేదీ ఏ వారమో ఎన్నేళ్లయినా మారదు. ఏ నెలా శుక్రవారంతో మొదలవదు కనుక, ఎన్నటికీ జరగని పని గురించి ‘ఒకటో తారీఖు, శుక్రవారం నాడు’ అని వెక్కిరించడం వాళ్లకి అలవాటైంది.

ముచ్చటగానే ఉంది. కానీ ఇది వాడుకలోకి ఎలా వచ్చిందన్నచోట మాత్రం నాకు తృప్తి కలగలేదు. కొద్ది వాక్యాల్లో తేల్చేశాడు. ఎవరూ నసగలేదు, ఏ ముసలమ్మా ముక్కు మీద వేలేసుకోలేదు. మరి మన లోకంలో ఏం జరిగింది? ఎలిజబెత్ అకెలిస్ అనే అమెరికన్ స్త్రీ 1930లో సంఘం పెట్టి, దాదాపు ఇలాంటి కాలెండరు కోసమే పాటుపడింది. 1953లో దాన్ని ఐక్యరాజ్యసమితి ముందుకు తీసుకువెళ్లింది మన దేశమే. వారం పేరులేని రోజు ఒకటి దూరితే మా ఏడో రోజు ప్రార్థన ఏమైపోవాలని యూదులూ, కొందరు క్రైస్తవులూ గట్టిగా నిలదీశారు. 1955లో అమెరికా వద్దంది. శనివారం ఒంటిపొద్దులుండే మన అత్తగార్లు మాత్రం ఊరుకునేవారా? హాబిట్లకి గుళ్లూ లేవు, నోములూ లేవు. అందుకే సంస్కరణ అంత సునాయాసంగా సాగిపోయింది. రచయిత కల్పనలో ఇది లోటేనని నా అభిప్రాయం.

అయితే అక్కడే పుస్తకం మూసెయ్యకండి. ఉంగరం నాశనమైన మార్చి 25ని గోండోర్ రాజ్యంలో కొత్త సంవత్సరాది చేశారు. ఫ్రోడో పుట్టినరోజుని పండగ చేశారు. లీపు సంవత్సరంలో ఆ పండగ రెండు రోజులు! మరి ఫ్రోడో సొంత సీమలో? ఆ రెండు తేదీల్నీ అక్కడ ఎవరూ పట్టించుకోలేదు. ఒక్క ఏప్రిల్ 6న మాత్రం అతని ఊరివాళ్లు మైదానంలో చేరి ఆడిపాడేవారు. ఎందుకని అడిగితే, శామ్ పుట్టినరోజని కొందరు, శామ్ నాటిన బంగారుచెట్టు తొలిసారి పూసిన రోజని కొందరు, ఎల్ఫుల సంవత్సరాది అని మరికొందరు.

ఇందులో వింతేమీ లేదు. పండగలు ఆజ్ఞలకి లొంగవు. 1957 మార్చి 22న మన ప్రభుత్వమూ శక కాలెండరు అమల్లోకి తెచ్చింది. ఆ లెక్కన ఇవాళ తారీఖెంతో ఎంతమందిమి చెప్పగలం?

కానీ ఫ్రోడో సంగతి మనసుని పట్టుకుంటుంది. చెట్టు నాటినవాణ్ణి తలుచుకున్నారు, చెట్టు నాటుకోవడానికి నేల మిగిల్చినవాణ్ణి మరిచారు. దీన్ని కృతఘ్నత అనేవాళ్లుంటారు. నేననను. పూసిన చెట్టు కంటికి కనిపిస్తుంది. రాకుండా తప్పిపోయిన కీడు ఎవరికి కనిపిస్తుంది? ఫ్రోడో మానని గాయంతో తిరిగొచ్చి, రెండేళ్లు తిరక్కుండానే ఓడెక్కి వెళ్లిపోయాడు. 1916లో సోమ్ యుద్ధరంగం నుంచి ఇల్లు చేరిన టోల్కీన్‌కి ఈ సంగతి ఒకరు చెప్పాలా? కథలో యుద్ధాలు వర్ణించడానికి అన్ని పేజీలు ఖర్చుపెట్టినవాడు, ఈ బాధని మాత్రం ఏడుపూ నిందా లేకుండా నాలుగు తారీఖుల మధ్య పెట్టి ఊరుకున్నాడు. పుస్తకం మొత్తంలో నాకు బాగా నచ్చిన చోటు ఇదే.

ఇంటిల్లిపాది పుట్టినరోజులకీ పాయసం కాచే ఆవిడ పుట్టినరోజు ఎన్ని ఇళ్లలో గుర్తుంటుంది? ఆ పేరా ఒక్కటి చదవండి. మీకు మీ ఇంట్లో ఎవరో ఒకరు గుర్తు రాకపోతే అప్పుడు నన్నడగండి.