చల్లని ఇంజను: పాఠం చెప్పని సగం

మోటారు ఇంజను అతిగా వేడెక్కితే చెడిపోతుందని బడిపిల్లలకు కూడా తెలుసు. రేడియేటరు నుండి ఆవిరి చిమ్ముతూ రోడ్డు పక్కన నిలిచిపోయిన కారును చూడనివారు అరుదు. కాని అదే ఇంజను ఉండవలసినంత వేడిగా లేకపోవటం కూడా ఒక జబ్బే అంటే చాలామంది నమ్మరు. “చల్లగా ఉంటే మంచిదే గదా!” అంటారు. ఇందుకు డ్రైవర్లనో మెకానిక్కులనో నిందించి లాభం లేదు. ఈ అపోహకు మూలం అంతర్దహన యంత్రాన్ని గురించి సాధారణంగా చెప్పే పాఠంలోనే ఉంది. ఆ పాఠంలో ఉన్నదేమిటి, లేనిదేమిటి, లేనందువల్ల కలిగే నష్టమేమిటి అన్నది విచారించదగిన విషయం.

పాఠం సామాన్యంగా ఈ విధంగా సాగుతుంది. సిలిండరులో పెట్రోలు మండినప్పుడు వాయువుల ఉష్ణోగ్రత 2,000 డిగ్రీల సెంటీగ్రేడు దాటుతుంది. అంత వేడికి లోహం తట్టుకోలేదు. కాబట్టి సిలిండర్ల చుట్టూ నీరు ప్రవహించేటట్లు చేస్తారు. ఆ నీరు రేడియేటరులోకి పోయి, గాలికి వేడిని విడిచి, తిరిగి ఇంజనులోకి వస్తుంది. దీనినే శీతలీకరణం అంటారు. ఇందులో అబద్ధమేమీ లేదు. అయితే సగం నిజాన్ని పూర్తి నిజంగా చెప్పటంలోనే ఇబ్బంది ఉంది.

ఇంజనును చల్లబరచటమే ఈ ఏర్పాటు ఏకైక ప్రయోజనమైతే, నీరు రేడియేటరులోకి పోకుండా అడ్డుకొనే కవాటాన్ని అదే దారిలో ఎందుకు అమర్చారు? ఈ ప్రశ్న వేయగల విద్యార్థికి పాఠంలో సమాధానం దొరకదు. పటాలలో ఆ కవాటం ఒక చిన్న గీతగా కనిపిస్తుంది. కొన్నింటిలో అదీ ఉండదు. దాని పేరు థర్మోస్టాట్. ఇంజను తగినంత వేడెక్కే వరకు రేడియేటరు దారిని మూసి ఉంచటం దాని పని. అంటే ఈ ఏర్పాటు ఉద్దేశం చల్లబరచటం కాదు, ఉష్ణోగ్రతను ఒకే స్థాయిలో నిలపటం. పాలు తోడుపెట్టే గృహిణికి ఈ సంగతి బాగా తెలుసు. పాలు మరీ వేడిగా ఉన్నా, చల్లారిపోయినా పెరుగు సరిగా తోడుకోదు. ఇంజనుకూ అటువంటి హద్దులు రెండువైపులా ఉన్నాయి.

ఇప్పుడు వాడుకలో ఉన్న థర్మోస్టాట్‌లో ప్రాణం వంటిది ఒక చిన్న లోహపు గుళికలో నింపిన మైనం. మైనం కరిగినప్పుడు గణనీయంగా వ్యాకోచిస్తుంది. ఆ వ్యాకోచం ఒక కడ్డీని నెట్టి కవాటాన్ని తెరుస్తుంది. చల్లబడితే స్ప్రింగు దానిని మళ్ళీ మూస్తుంది. ఈ మైనపు సాధనాన్ని 1930ల దశకంలో అమెరికాలో సెర్జియస్ వెర్నే రూపొందించాడు. అంతకు పూర్వం తేలికగా ఆవిరయ్యే ద్రవం నింపిన ముడతల గొట్టాలను వాడేవారు. చాలా కార్లలో కవాటం 82 నుండి 88 డిగ్రీల మధ్య తెరుచుకోనారంభిస్తుంది. ఆ అంకె సామాన్యంగా దాని మీదనే ముద్రించి ఉంటుంది. విద్యుత్తుగాని, మనిషి చేయిగాని అవసరం లేకుండా, పదార్థధర్మం ఒక్కటే ఒక యంత్రాన్ని అదుపు చేస్తున్నదనటానికి ఇంతకంటె చక్కని ఉదాహరణ తరగతిలో చూపటం కష్టం. పాఠం విడిచిపెట్టింది దీనినే.

ఇంజను చల్లగా నడిస్తే నష్టమేమిటి? రసాయనశాస్త్రంలో పిల్లలు నేర్చిన సమీకరణమే జవాబు చెబుతుంది. పెట్రోలుకు ప్రతినిధిగా ఆక్టేన్‌ను తీసుకొంటే, దాని ఒక్కొక్క అణువులో 18 హైడ్రోజన్ పరమాణువులున్నాయి. అవి మండితే 9 నీటి అణువులు ఏర్పడతాయి. అనగా 114 గ్రాముల ఆక్టేన్ నుండి 162 గ్రాముల నీరు వస్తుంది. ఈ లెక్కన ఒక లీటరు పెట్రోలు మండితే ఇంచుమించు ఒక లీటరు నీరు పుడుతుంది! ఇంజను వేడిగా ఉన్నంతకాలం ఆ నీరు ఆవిరి రూపంలో పొగగొట్టం ద్వారా వెళ్ళిపోతుంది. పొగలోని ఆవిరి సాధారణ పీడనంలో 50 డిగ్రీలకు కాస్త పైననే నీరుగా మారుతుంది. సిలిండరులోని అధిక పీడనంలో ఇంకా ఎక్కువ ఉష్ణోగ్రతలోనే మారగలదు. గోడలు చల్లగా ఉంటే ఆ తేమ వాటిమీద పేరుకొని, దహనంలో పుట్టిన ఆమ్లవాయువులను కరిగించుకొని ఇనుమును తింటుంది. పిస్టను వలయాలు ఆ తుప్పును గీకివేసి కొత్త లోహాన్ని బయటపెడతాయి. అదికూడా మళ్ళీ తుప్పుకు ఆహారమవుతుంది.

ఇది ఊహ కాదు. బ్రిటనులోని ఆటోమొబైల్ ఇంజనీర్ల సంస్థ తరఫున సి.జి. విలియమ్స్ 1930ల దశకంలో సిలిండర్ల అరుగుదలపై వరుసగా పరిశోధనలు చేశాడు. ఆ ఫలితాలు 1940లో ఒకచోట వెలువడినవి. చల్లని ఇంజనులో అరుగుదలకు కందెన నూనె అందకపోవటమే కారణమని అంతవరకు తలచేవారు. గోడల ఉష్ణోగ్రత తగ్గినకొద్దీ అరుగుదల వేగంగా పెరుగుతుందనీ, అందులో ఆమ్లపు తుప్పుకు పెద్ద పాత్ర ఉన్నదనీ ఆ పరిశోధనలు చూపాయి. ఇంతటి విషయం వెలుగు చూసి ఎనభై ఏళ్ళు దాటినా, “చల్లగా ఉంటే మంచిదే” అనే మాట ఇంకా చలామణీ అవుతూనే ఉంది.

నష్టం అంతటితో ఆగదు. చల్లని గోడలమీద పెట్రోలు సరిగా ఆవిరికాక నూనెలోకి జారి దానిని పలుచన చేస్తుంది. తేమ చేరిన నూనె మజ్జిగలాగా తెల్లబడి, క్రమంగా మడ్డిగా మారుతుంది. ఇంధనాన్ని కొలిచి చిమ్మే ఇప్పటి ఇంజన్లలో, నీరు చల్లగా ఉన్నదని ఉష్ణోగ్రతా గ్రాహకం తెలిపితే నియంత్రణ పెట్టె పెట్రోలును అధికంగా ఇస్తుంది. ఖర్చు పెరుగుతుంది, పొగ కలుషితమవుతుంది. అందుకే ఆధునిక వాహనాల దోషసూచికలలో పి 0128 అని ఒక ప్రత్యేక సంకేతమే ఉంది. నీరు థర్మోస్టాట్ నిలపవలసిన ఉష్ణోగ్రతను అందుకోలేదని దాని అర్థం.

ఇక్కడ తెలివైన విద్యార్థి ఒక ఆక్షేపణ తీసుకురావచ్చు. ఉష్ణయంత్రపు దక్షత వేడి చోటికీ చల్లని చోటికీ ఉన్న ఉష్ణోగ్రతా భేదాన్నిబట్టి పెరుగుతుందని కార్నో సిద్ధాంతం చెబుతున్నది గదా. అటువంటప్పుడు ఇంజను చల్లబడితే దక్షత పెరగవద్దా? పెరగదు. ఆ సిద్ధాంతంలోని చల్లని చోటు, పని ముగించుకొన్న తరువాత వేడిని విడిచే చోటు. సిలిండరు గోడ అటువంటిది కాదు. పిస్టను ఇంకా కిందికి దిగుతుండగానే, పనిగా మారవలసిన వేడిని గోడ మధ్యలో ఎగరేసుకుపోతుంది. గోడ చల్లగా ఉన్నకొద్దీ ఆ దోపిడీ ఎక్కువ. ఈ భేదాన్ని విప్పి చెప్పకుండా సూత్రాన్ని మాత్రం కంఠస్థం చేయిస్తే, సరైన సూత్రం నుండే తప్పు నిర్ణయం పుడుతుంది.

ఇక కరదీపికల సంగతి. “ఇంజను చల్లగా నడుచుటకు కారణములు” అనే శీర్షిక కింద అవి ఒక పట్టిక ఇస్తాయి: థర్మోస్టాట్ తెరుచుకొని బిగుసుకుపోవటం, ఫ్యాను ఆగకుండా తిరగటం, గ్రాహకం చెడిపోవటం, మీటరు చెడిపోవటం, వాతావరణం చల్లగా ఉండటం. పట్టికలో అన్నీ సమాన హోదాతో కూర్చుంటాయి. దేనిని ముందు అనుమానించాలి, ఎందుకు అనుమానించాలి అన్న తర్కం ఉండదు. చదివినవాడు ఒక్కొక్క భాగాన్ని మార్చుకుంటూ పోవటం తప్ప మరేమి చేయగలడు?

నిజానికి ఆ తర్కం కష్టమైనదేమీ కాదు. మొదటి ప్రశ్న: ఇంజను నిజంగా చల్లగా ఉన్నదా, లేక చల్లగా ఉన్నదని ముల్లు చెబుతున్నదా? ముల్లు సాక్షి మాత్రమే, న్యాయమూర్తి కాదు. ఉదయం చల్లని ఇంజనును నడపనారంభించి, ఫ్యానుకూ బెల్టుకూ దూరంగా ఉంటూ, ఇంజను నుండి రేడియేటరుకు పోయే పై గొట్టాన్ని అప్పుడప్పుడు తాకి చూడాలి. ఆరోగ్యంగా ఉన్న ఇంజనులో ఆ గొట్టం కొన్ని నిమిషాలపాటు చల్లగానే ఉండి, కవాటం తెరుచుకోగానే త్వరత్వరగా వేడెక్కుతుంది. మొదటినుండీ మెల్లమెల్లగా వెచ్చబడుతూ పోతే కవాటం తెరుచుకొని ఉన్నదన్నమాట. కొన్ని ఇంజన్లలో థర్మోస్టాట్ కింది గొట్టంవైపు ఉంటుంది. అప్పుడు పరీక్షించవలసింది దానిని. ఇంజను పూర్తిగా వేడెక్కి, గొట్టాలు చేయి పెట్టలేనంతగా కాలుతున్నా ముల్లు అడుగున పడి ఉంటే దోషం మీటరుదో, తీగదో, గ్రాహకానిదో అవుతుంది. గ్రాహకపు విద్యుత్ నిరోధం వేడికి తగ్గుతుంది. చాలా రకాలలో అది 20 డిగ్రీలవద్ద 2,000 నుండి 3,000 ఓముల దాకా ఉండి, 80 డిగ్రీలవద్ద 300 ఓముల ప్రాంతానికి దిగుతుంది. తీగ తెగితే నిరోధం అనంతం. దానిని పాతరకం మీటరు “చాలా చల్లన” అని అర్థం చేసుకొంటుంది.

రెండవ ప్రశ్న: ముల్లు దారిని బట్టి కదులుతున్నదా? పుష్యమాసంలో తెల్లవారుజామున అరకు నుండి అనంతగిరి ఘాటు మీదుగా శృంగవరపుకోటకు దిగే కారును ఊహించండి. దిగుడులో ఇంధనం అతి తక్కువగా మండుతుంది, చలిగాలి రేడియేటరుకు కొడుతుంది. కవాటం బాగుంటే అది మూసుకొని వేడిని చాలావరకు కాపాడుతుంది. తెరుచుకొని బిగుసుకుపోతే ముల్లు దిగుడులో పడిపోయి, ఎక్కుడులో మళ్ళీ లేస్తుంది. దీనినిబట్టే ఫ్యాను సంగతి కూడా తేలుతుంది. కవాటం సరిగా మూసుకొనేదైతే ఫ్యాను ఎంత తిరిగినా చల్లబడేది రేడియేటరులోని నీరే. ఇంజను ఎక్కువగా చల్లబడదు. చల్లని వాతావరణమైనా అంతే. కాబట్టి పట్టికలోని కారణాలు సమానమైనవి కావు. మీటరు అబద్ధమాడటం లేదని తేలితే, అనుమానంలో అగ్రస్థానం థర్మోస్టాట్‌దే.

మూడవ సంగతి అన్నిటికంటె ముఖ్యం. నీరు బాగా తగ్గిపోతే గ్రాహకం నీటిలో మునగక గాలిలో వేలాడుతుంది. అప్పుడు ముల్లు పడిపోతుంది, ఇంజను మాత్రం లోపల కాలిపోతుంటుంది. “చల్లగా ఉంటే మంచిదే” అని నేర్చుకొన్నవాడు ఈ ముల్లును చూచి సంతోషిస్తూ ఇంజనును నాశనం చేసుకుంటాడు. పాఠంలోని సగం నిజానికి చెల్లించే మూల్యం ఇంతవరకు పోగలదు. కనుక ముల్లు హఠాత్తుగా పడిపోతే బండి ఆపి, ఇంజను పూర్తిగా చల్లారిన తరువాత మాత్రమే మూత తీసి నీటిమట్టం చూడాలి. మూత కింద పీడనం సుమారు 0.9 బార్ అధికంగా ఉంటే నీరు దాదాపు 118 డిగ్రీలవరకు మరగకుండా ఉంటుంది. తొందరపడి తీస్తే ఒక్కసారిగా మరిగి ముఖాన చిమ్ముతుంది.

కార్ల తయారీదారులు కూడా విమర్శకు అతీతులు కారు. ఎన్నో కార్లలో ముల్లును తీసివేసి ఒక నీలి దీపం, ఒక ఎర్ర దీపం మాత్రమే మిగిల్చారు. ఇంజను తన అసలు ఉష్ణోగ్రతను చేరుకోకముందే నీలి దీపం ఆరిపోతుంది. ఆపైన 65 డిగ్రీలవద్దనే నెలల తరబడి నడిచే ఇంజను గురించి ఆ దీపాలు ఏమీ చెప్పలేవు.

థర్మోస్టాట్‌ను పీకివేయటం వర్క్‌షాపులలో చిరకాలంగా ఉన్న ఆచారం. దీనికీ కొంత న్యాయం ఉంది. కవాటం మూసుకొని బిగుసుకుపోతే నీరు మరిగి ప్రయాణం నిలిచిపోతుంది. అటువంటప్పుడు దానిని తీసివేసి ఇల్లు చేరటం వివేకమే. పైగా 1908 నుండి 1927 వరకు తయారైన ఫోర్డు మోడల్-టి కారు థర్మోస్టాట్ లేకుండానే లోకమంతా తిరిగింది. అయితే చలిదేశాలలో దాని యజమానులు రేడియేటరుకు అట్టముక్కలు అడ్డుపెట్టుకొనేవారని మరువరాదు. ఆ అట్టముక్కే వారి థర్మోస్టాట్! దారిలో చేసిన తాత్కాలిక చికిత్సను ఏళ్ళ తరబడి కొనసాగించటమే తప్పు. ఇంకొక విచిత్రమేమంటే, కొన్ని ఇంజన్లలో ఆ కవాటమే వేడెక్కిన తరువాత పక్కదారిని మూస్తుంది. దానిని తీసివేస్తే కొంత నీరు రేడియేటరుకు పోకుండా పక్కదారినే తిరుగుతూ, ఎండాకాలంలో ఇంజను అతిగా వేడెక్కవచ్చు. చల్లదనం కోసం చేసిన పని వేడిని తెస్తుంది.

పాఠాన్ని దిద్దటానికి కొత్త అధ్యాయం అక్కరలేదు. “చల్లబరచు ఏర్పాటు” అనేచోట “ఉష్ణోగ్రతను నిలుపు ఏర్పాటు” అని ఒక్క మాట మార్చి, పటంలో కవాటాన్ని స్పష్టంగా గీస్తే చాలు. దానికి తోడు ఒక ప్రయోగం చేయవచ్చు. ఒక థర్మోస్టాట్‌ను దారంతో కట్టి, గిన్నెలోని నీటిలో అడుగుకు తగలకుండా వేలాడదీయాలి. పక్కన ఉష్ణమాపకం ఉంచి, నీటిని మెల్లగా కాచాలి. కవాటం ఏ డిగ్రీవద్ద కదిలింది, ఏ డిగ్రీవద్ద పూర్తిగా తెరుచుకొన్నది, చల్లారేటప్పుడు ఎక్కడ మూసుకొన్నది విద్యార్థులే రాసుకోవాలి. తమ అంకెను దానిమీద ముద్రించిన అంకెతో పోల్చి, తేడా ఉంటే ఎందుకున్నదో వారే చర్చించుకోవాలి. అంతసేపు గిన్నెవంక చూచిన పిల్లవాడు ఇంజను చల్లగా ఉంటే మంచిదేనని ఇక అనడు.