బందెలదొడ్డికి ఉన్న కాపరి

నేరంతో ముడిపడిందన్న అనుమానంతో పోలీసులు పట్టుకున్న వాహనాన్ని, కేసు తేలేదాకా ఆగకుండా, పూచీకత్తు మీద యజమానికి అప్పగించడాన్ని కోర్టు భాషలో మధ్యంతర కస్టడీ అంటారు. కర్నూలు, కడప జిల్లాల జనానికి అది బండి విడిపించుకోవడం. ఈ వారం ఆ సంగతి ఎత్తుకోవడానికి కారణం ఒక స్టేషన్ ఆవరణలోని ఇసుక ట్రాక్టరు. బానెట్ మీద తెల్లరంగుతో రాసిన క్రైం నంబరు ఎండకు వెలిసిపోయింది. ట్రాలీ అడుగు రేకు తుప్పుకు చిల్లులు పడగా, వాటిలోంచి కంపచెట్టు లేచి నిలబడింది. బండి కదలకపోయినా ఫైనాన్సు కంతు ఆగదు.

ఆ ట్రాక్టరును చూస్తే పాతకాలపు బందెలదొడ్డి గుర్తొస్తుంది. పరాయి చేలో పడిన పశువును కట్టేసే ఆ దొడ్డిని నడిపింది 1871 నాటి చట్టం. దాని ప్రకారం పట్టిన పశువును 24 గంటల్లో దొడ్డికి తోలాలి. మేత, నీళ్లు పెట్టే పూచీ దొడ్డి కాపరిది. జరిమానా, మేత ఖర్చు కట్టిన యజమానికి పశువును అప్పగించాలి. 7 రోజుల్లో ఎవరూ రాకపోతే కబురు పోలీసు స్టేషనుకు చేరాలి, ఊళ్లోనూ దగ్గరి సంతలోనూ దండోరా పడాలి, ఇంకో 7 రోజులు చూసి వేలం వేయాలి. అన్యాయంగా పట్టారనుకున్న రైతు 10 రోజుల్లోపు మెజిస్ట్రేటుకు ఫిర్యాదు చేసుకోవచ్చు. గడ్డిపరక విలువ తెలిసిన సీమలో ఈ ఏర్పాటులోని గొప్పతనాన్ని విడమరచి చెప్పనక్కర్లేదు: కట్టేసిన క్షణం నుంచే ఆ ప్రాణికి ఒక బాధ్యుడు ఉండేవాడు.

మరి యంత్రానికో? సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే, పట్టిన వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచడం వల్ల ప్రయోజనం లేదని, తగిన బాండు, జామీను తీసుకొని మెజిస్ట్రేటు వెంటనే ఉత్తర్వులివ్వాలని చెప్పింది. ఆంధ్రప్రదేశ్ ప్రతివాదుల్లో ఒకటైన జనరల్ ఇన్సూరెన్స్ కౌన్సిల్ కేసులో 2010లో అదే మాట మళ్లీ చెప్పవలసి వచ్చింది. 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 497వ సెక్షన్, కోర్టు ముందుకు వచ్చిన సొత్తుకు 14 రోజుల్లో వివరాల పట్టిక రాసి, ఫొటో, అవసరమైతే వీడియో తీయించి, ఆపై 30 రోజుల్లో దాని సంగతి తేల్చమంటోంది.

ఇంతవరకు చదివినవారికి ప్రతి బండినీ త్వరగా వదిలేయాలన్నదే న్యాయమని తోచవచ్చు. కానీ లంకమల, పాలకొండల ఎర్రచందనం దుంగలతో దొరికిన లారీని అలా వదిలితే మళ్లీ అడవికే పోతుందన్న భయం ఉత్తది కాదు. అందుకే 1967 ఆంధ్రప్రదేశ్ అటవీ చట్టం 44వ సెక్షన్ అటువంటి వాహనాన్ని జప్తు చేసే, అంటే ప్రభుత్వపరం చేసే అధికారాన్ని అటవీ అధికారికి ఇచ్చి, తనకు తెలియకుండా జరిగిందని, తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నానని రుజువు చేసుకోవలసిన భారం యజమాని మీద పెట్టింది. ఆ కాఠిన్యం అడవికి అవసరమే. లారీ పోవలసిందైతే పోనీ, ఇంజను బతికుండగానే వేలానికి పోనీ. తప్పల్లా అటూ ఇటూ తేల్చకుండా ఎండలో వదలడంలోనే ఉంది. పట్టుకున్న ప్రతి బండి నంబరూ, అది ఏ కోర్టు ముందు లేదా ఏ అధికారి ముందు ఉందో, ఎప్పటిలోగా తేలాలో స్టేషన్ గోడ మీద తెలుగులో రాసి పెట్టాలి. సంతలో దండోరా చేసిన పని అదే.