రూపానుసారిణి: లడ్లం మార్గరీటు పాత్రము

పురుషుఁడు స్త్రీపాత్రము నభినయించుట శాస్త్రసమ్మతమే. భరతుఁడు దీనిని రూపానుసారిణి యను పేరఁ బేర్కొనియున్నాఁడు. ఆంధ్రరంగమున స్థానం నరసింహారావుగారు (1902–1971) సత్యభామ, మధురవాణి మున్నగు పాత్రములలో నీ విద్యకుఁ బరమావధి చూపిరి. వారి యభినయమునఁ బురుషత్వము మఱుగుపడుటయే ప్రశంసాకారణము. దీనికి భిన్నమగు మార్గమునఁ జనినవాఁడు న్యూయార్కు నటుఁడు చార్లెస్ లడ్లం (1943–1987).

లడ్లం నాటకకర్త, ప్రయోక్త, నటుఁడు. 1967లో రిడిక్యులస్ థియేట్రికల్ కంపెనీ యను సమాజమును స్థాపించి, ధనాఢ్యుల రంగశాలలకు దూరముగాఁ బ్రదర్శనము లిచ్చెను. 1978 మొదలు గ్రీనిచ్ విలేజిలో షెరిడన్ స్క్వేర్ కడనున్న భూగృహ మొకటి యా సమాజమునకు స్థిరస్థాన మయ్యెను.

1973లోఁ బ్రదర్శితమైన "కమీల్" యాతని కీర్తికి మూలము. ప్రియుని మేలుకొఱకుఁ బ్రేమను ద్యజించి క్షయరోగముచే మరణించు వేశ్య మార్గరీటు కథ యిది. డ్యూమా కుమారుని రచన దీని కాధారము. లడ్లం మార్గరీటు వేషము దాల్చియుఁ దన వక్షోరోమములు గౌను పైభాగమునఁ గనఁబడునట్లే నిలిచెను. ప్రేక్షకులు మొదట నవ్విరి. తుద కామె మరణదృశ్యమునఁ గన్నీరు వెట్టిరి.

హాస్యకరుణములు పరస్పరవిరోధులని యాలంకారికుల మతము. కావున నిది రసభంగము గాదా యని శంక పొడమును. ఆశ్రయభేదముచే విరోధము పరిహృతమగునని యానందవర్ధనుఁడు చెప్పెను. ఆ నియమము కావ్యపాత్రములఁగూర్చి చెప్పఁబడినదైనను, ఇచ్చట నటునికిని బాత్రమునకును బొసఁగుచున్నది. నవ్వునకు నటుని వికృతాకార మాలంబనము. శోకమునకుఁ బాత్రముయొక్క దురవస్థ యాలంబనము. నటుఁడు తన్ను దాఁచుకొనలేదు గనుకఁ బ్రేక్షకుఁడు భ్రమపడలేదు. భ్రమలేకయే కరుణము నిష్పన్నమగుట యభినయశక్తికిఁ దిరుగులేని ప్రమాణము.

1984 నాఁటి "ది మిస్టరీ ఆఫ్ ఇర్మా వెప్" వేఱు తెఱఁగుది. అందు లడ్లం, ఎవరెట్ క్వింటన్ లిరువురే వడివడిగా వేషములు మార్చుచు స్త్రీపురుషపాత్రము లన్నియు నభినయించిరి. చాతుర్యమునకుఁ గొఱఁత లేదు. కాని యద్భుతహాస్యములకుఁ దప్పఁ గరుణమునకుఁ దావు లేదు. రసదృష్టిచే నిది "కమీల్"కుఁ దక్కువయే.

ఎయిడ్సు సంబంధమగు న్యుమోనియాచే 1987 మే 28న, 44 ఏండ్ల ప్రాయమున లడ్లం గతించెను. ఆతని కృషిని వికటచేష్టగాఁ ద్రోసివేయుట యుక్తము గాదు. స్థానంవారు పురుషత్వమును మఱపించి సాధించిన రసమును, లడ్లం మఱపింపకయే సాధించెను. రూపానుసారిణికి నీ రెండవ మార్గమును నుదాహరణముగాఁ బరిగ్రహింపఁదగును.